కూలి డబ్బులతోనే మంచి తిండి: డెల్టా పల్లెల్లో ఎలా?

కోనసీమలో బియ్యానికి కరువు లేదు, కరువంతా అందులోకి కూరకే. ఊరి చివర కాలనీలో సెంటున్నర స్థలం, చుట్టూ రొయ్యల చెరువులు, కూరగాయలకి టౌనుకెళ్దామంటే ఆటో ఛార్జీలకే సగం డబ్బులు అయిపోతాయి. అందుకే చాలా ఇళ్లలో చారన్నం, పిల్లలకి చిప్స్ ప్యాకెట్. తప్పు వాళ్లది కాదు. అయినా ఉన్నంతలో చేయగలిగినవి ఉన్నాయి.

ముందు రేషన్ బియ్యం సంగతి. కడిగేటప్పుడు కొన్ని గింజలు తేడాగా కనిపిస్తాయి, నీళ్లలో పైకి తేలతాయి కూడా, ప్లాస్టిక్ బియ్యమని చాలామంది ఏరి పారేస్తున్నారు. దయచేసి పారేయకండి! బియ్యప్పిండిలో ఐరన్, ఫోలిక్ యాసిడ్, బి12 కలిపి గింజల్లా ఒత్తినవి అవి, క్వింటాలుకి కిలో చొప్పున కలిపినవి. మరీ ఎక్కువసార్లు కడక్కుండా, గంజి వార్చకుండా అత్తెసరు పెట్టండి. కోతలకి వేరే ఊరు వెళ్తే అక్కడి డిపోలోనూ మీ కార్డు మీద బియ్యం తీసుకోవచ్చు.

పప్పులు పావుకిలో చొప్పున కొంటే గిట్టదు. సార్వా (వానాకాలం వరి) కోశాక మినుము, పెసర వేసే రైతులుంటారు, నూర్పిళ్లప్పుడు డ్వాక్రా గ్రూపువాళ్లంతా కలిసి వాళ్ల దగ్గరే కొని, బాగా ఎండబెట్టి దాచుకోండి.

చెరువుల పక్కన నేల ఉప్పుబారిపోతే పాత సిమెంటు సంచుల్లో మంచి మట్టి, పశువుల ఎరువు నింపి తోటకూర, బచ్చలి వేయండి. తోటకూర నెలలో చేతికొస్తుంది. చెరువుల నీళ్లు వదిలే మురుగు కాలవ గట్టున మాత్రం పొన్నగంటి కోయొద్దు.

అరటి గెల కొట్టాక చెట్టు ఎలాగూ నరికేస్తారు, దూట అడిగితే ఊరికే ఇచ్చే రైతులు చాలామందే. డొప్పలు వలిచి, లోపలి తెల్లటి దూటని చక్రాల్లా తరుగుతూ, ప్రతి ముక్కకీ సాగే పీచుని వేలికి చుట్టి తీసేయండి. నల్లబడకుండా ముక్కలు మజ్జిగ నీళ్లలో వేసి, తర్వాత ఉడికించి, నీళ్లు పిండేసి, ఆవ పెట్టండి. ఇంత మంచి కూర పైసా ఖర్చు లేకుండా!

ఎండు నెత్తళ్లు ముల్లుతో సహా తింటే కాల్షియం. ఉప్పు ఎక్కువుంటుంది కాబట్టి వేడినీళ్లలో కడిగి వంకాయలో వేయండి. ఆకుకూరలో నిమ్మకాయ పిండుకుంటే ఐరన్ బాగా పడుతుంది, తిన్న వెంటనే టీ తాగితే పట్టదు, ఓ గంట ఆగండి.

గర్భిణులు, బాలింతలు, ఆరేళ్లలోపు పిల్లలుంటే అంగన్‌వాడీలో పేరు రాయించండి. అక్కడిచ్చే తిండి 2013 ఆహార భద్రత చట్టం ప్రకారం మీ హక్కు, మొహమాటపడకుండా అడగండి. రేషన్ తూకం తగ్గితే 1967కి ఫోన్ చేయండి.