పాత కాలిన గాయం చార్టు వస్తే ‘ఎస్’ ఎక్కడ పెట్టాలి?

మెడికల్ కోడింగ్‌లో మన పని డాక్టర్ నోట్‌ను కోడ్లుగా మార్చడం. చార్టులో ‘ఓల్డ్ బర్న్’ అన్న మాట కనబడగానే చెయ్యి టీ కోడ్ల (గాయాల కోడ్ల) మీదికి పోతుంది. కొత్తలో నాదీ అదే అలవాటు. కాలిన గాయం కోడ్ పైన వేసి, చివర ‘ఎస్’ (సీక్వెలా, అంటే పాత గాయం మిగిల్చిన ఇబ్బంది అని చెప్పే ఏడో అక్షరం) తగిలించి, మచ్చ కోడ్ దాని కింద పెట్టేదాన్ని. ఒక వారం ఆడిట్‌లో నా చార్టులు కట్టగట్టుకుని వెనక్కొచ్చాయి. కోడ్లన్నీ సరైనవేనట, వరసే తలకిందులు. (కోడ్లను ఇక్కడ ఫోన్లో చదివి చెప్పినట్టు, పలికే తీరులోనే రాస్తున్నాను.)

అప్పటి నుంచి చార్టు తెరవగానే ఒకటే చూస్తాను: పేషెంటు ఇవాళ ఏ బాధతో వచ్చింది? అమెరికాలో జబ్బులకు వాడే కోడ్ల జాబితా ఐసీడీ-10-సీఎంలో సీక్వెలాకి మామూలుగా రెండు కోడ్లు పడతాయి. ఇప్పుడున్న ఇబ్బంది ముందు, దానికి మూలమైన పాత గాయం ‘ఎస్’తో తర్వాత. ఇబ్బందిని కూడా తనలోనే కలుపుకున్న సీక్వెలా కోడ్లు కొన్ని ఉన్నాయి కానీ, కాలిన గాయాల దగ్గర ఆ గొడవ లేదు.

ఒక నోట్ చూద్దాం. “మూడేళ్ల క్రితం మరిగే నూనె ఒలికి కుడి చేతి వెనకవైపు థర్డ్ డిగ్రీ బర్న్. గ్రాఫ్ట్ చేశారు, మానింది. ఇప్పుడు కుడి చేతి వేళ్ల కీళ్లు బిగిశాయి, వేళ్లు చాచలేకపోతోంది. హైపర్‌ట్రాఫిక్ స్కార్. రిలీజ్ సర్జరీకి వచ్చింది.” (థర్డ్ డిగ్రీ అంటే చర్మం పూర్తి లోతుకు కాలడం, గ్రాఫ్ట్ అంటే వేరే చోటి చర్మం అతికించడం.) సర్జరీ బిగిసిన కీళ్లకు కాబట్టి మొదటి కోడ్ ఎం24.541, కుడి చేతి జాయింట్ కాంట్రాక్చర్. తర్వాత ఉబ్బెత్తు మచ్చకు (హైపర్‌ట్రాఫిక్ స్కార్) ఎల్91.0. ఆ తర్వాత పాత కాలిన గాయానికి టీ23.361ఎస్. చివర ప్రమాదం కోడ్, నూనె కోసం ఎక్స్10.2ఎక్స్ఎక్స్ఎస్. మధ్యలో ఆ రెండు ఎక్స్‌లు ఖాళీ కుర్చీల్లాంటివి. అవి లేకపోతే ‘ఎస్’ ఏడో స్థానానికి చేరదు. గాయానికి ‘ఎస్’ పెట్టి, ప్రమాదం కోడ్‌కి అలవాటు కొద్దీ ‘ఏ’ (గాయానికి ఇంకా చికిత్స సాగుతోందని చెప్పే అక్షరం) పెట్టేవాళ్లను ఇప్పటికీ చూస్తున్నాను. ఆ రెండూ జంటగా నడవాలి.

నోట్‌లో ‘హైపర్‌ట్రాఫిక్’, ‘కీలాయిడ్’ (గాయం హద్దు దాటి పెరిగిన మచ్చ) అని లేకుండా ఉత్త ‘స్కార్’ అనే ఉంటే ఎల్90.5. చర్మం ముడుచుకుంది గానీ కీలు బిగిసిందని డాక్టర్ ఎక్కడా అనలేదంటే అప్పుడూ అదే. ఎం24 జోలికి వెళ్లకండి. కంటిరెప్ప చార్టులు అరుదు. మచ్చ లాగేసి కుడి కింది రెప్ప బయటికి తిరిగితే హెచ్02.112, దాని వెనక టీ26.01ఎక్స్ఎస్. అక్కడ డిగ్రీల బాధ లేదు.

డిగ్రీ దగ్గరే ఎక్కువమంది జారేది. గ్రాఫ్ట్ చేశారంటే థర్డ్ డిగ్రీయే అయ్యుంటుందిలే అని మనమే తీర్పు చెప్పేస్తాం. ఆ ఊహ నిజమే కావచ్చు, కానీ ఊహించడం మన పని కాదు. పాత రికార్డు లేదు, డాక్టర్ రాయలేదు అంటే టీ23.061ఎస్, డిగ్రీ తెలియని పద్దు. అది ‘అన్‌స్పెసిఫైడ్’ అని సిగ్గుపడనక్కర్లేదు.

‘ఎస్’కి గడువు లేదు. మూడు నెలలకైనా, ముప్పై ఏళ్లకైనా వేయొచ్చు. చిన్నప్పటి కాలిన మచ్చలో పెద్దయ్యాక స్క్వామస్ సెల్ క్యాన్సర్ పుట్టడం ఉంది, మార్జోలిన్ అల్సర్ అంటారు. కుడి చేతి మీదైతే సీ44.622 ముందు, పాత కాలిన గాయం ‘ఎస్’తో వెనక.

గడువు లేదన్నాం కదా అని పాతదంతా ‘ఎస్’ కాదు. ఎన్ని నెలలైనా మానని గాయం, కుళ్లిన చర్మం ఉన్న గాయం తాజా గాయంగానే లెక్క. సవ్యంగా మానుతూ డ్రెస్సింగ్‌కి వచ్చేవాళ్లకి ‘డి’. ఒకే చేతి మీద రెండూ ఉండొచ్చు: వెనకవైపు మానిపోయి మచ్చ మిగిలింది, ముంజేతి మీద చిన్న మేర ఇంకా పచ్చిగానే ఉంది. అప్పుడు ఒకే రికార్డులో ‘ఎస్’, ‘ఏ’ రెండూ వస్తాయి. కాలినది ఒకే రోజైనా చర్మమంతా ఒకే వేగంతో మానదు మరి.

ప్రమాదమా కాదా అన్నది చార్టులో లేకపోతే ప్రమాదంగానే వేయాలి. ప్రమాదం జరిగిన చోటు, అప్పుడు చేస్తున్న పని చెప్పే వై92, వై93 కోడ్లు సీక్వెలాకి అక్కర్లేదు. ఒళ్లు ఎంత శాతం కాలిందో చెప్పే టీ31కి అసలు ఏడో అక్షరమే లేదు. మానిన మచ్చ ఒక్కటే ఉన్న చార్టులో నేను దాన్ని ముట్టుకోను.

ఇంకో తికమక. నెట్‌లో వెతికితే టీ95 అని వస్తుంది. అది ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-10 లోది, సీఎంలో లేదు. 2015 అక్టోబరు 1కి ముందు, అంటే ఐసీడీ-10-సీఎం వాడకం మొదలవకముందు నుంచి పనిచేస్తున్న సీనియర్లు 906.6 అని గొణుగుతారు. చేతికీ మణికట్టుకూ ఐసీడీ-9లో అప్పటి లేట్ ఎఫెక్ట్ (సీక్వెలాకి పాత పేరు) కోడ్ అది.

మచ్చకీ పాత గాయానికీ సంబంధం ఉందని నోట్ చెప్పకపోతే డాక్టర్‌కు క్వెరీ (రాతపూర్వక ప్రశ్న) పంపాల్సిందే. “ఇది బర్న్ సీక్వెలాయే కదా?” అని అడిగితే జవాబు మనమే అందించినట్టు. నేను పంపేది ఇలా ఉంటుంది: “కుడి చేతి కాంట్రాక్చర్‌కు కారణం దయచేసి తెలపండి: పాత కాలిన గాయం / వేరే గాయం / ఇతర కారణం / నిర్ధారించలేము.”