పిల్లల ఊహకు ఇంట్లో చోటు కల్పించడం ఎలా?

తిరుపతిలో మా మేడ మీద నిలబడి ఉత్తరం వైపు చూస్తే, ఇళ్ల నీళ్ల ట్యాంకుల వెనుక శేషాచలం కొండలు ఆ కొస నుంచి ఈ కొస దాకా పరుచుకొని కనిపిస్తాయి. ఒకరోజు సాయంత్రం ఆ కొండలను చూసి బొమ్మ గీస్తున్న మా ఆరేళ్ల అబ్బాయి, గీత పూర్తయ్యాక కొండ చివర ఎర్రటి నాలుక ఒకటి పెట్టాడు. "ఇదేందిరా నాయనా, కొండకు నాలుక?" అని మా అమ్మ అడిగితే, "కొండ కాదవ్వా, పండుకోనుండే పాము. ఆకలైతే లేస్తాది" అన్నాడు. రబ్బరు అందుకొని, కొండను కొండలా గీయమని చెప్పబోయిన నేను, మా అమ్మ ముఖం చూసి ఆగిపోయాను. ఆమె ఎంతో గంభీరంగా "అయితే దానికి తినేదానికి ఏం పెడతావు?" అని అడుగుతోంది. వాడు ఆలోచించి ఇంకో కాగితం తీసుకున్నాడు.

ఊహాశక్తిని పెంచడమంటే తల్లిదండ్రులు చేయవలసిన పనిలో సగం, రబ్బరు మీదికి వెళ్లిన చేతిని వెనక్కి తీసుకోవడమేనని నాకు అనిపిస్తుంది. మిగిలిన సగం, ఆ రెండో కాగితం పిల్లవాడికి అందేంత దగ్గరలో ఉండేలా చూడటం. కింద చెప్పిన పద్ధతులన్నీ ఈ రెంటి చుట్టూ తిరిగేవే. ఇవి ముఖ్యంగా నాలుగు నుంచి పదేళ్ల వయసు పిల్లలకు సరిపోతాయి.

1. ముందుగా ఒక మూల చూడండి

ప్రత్యేకమైన గది అక్కర్లేదు. రెండు గదుల అద్దె ఇంట్లో కూడా వరండాలోనో, మెట్ల కిందనో, మంచం పక్కనో ఒక చాప పట్టేంత చోటు దొరుకుతుంది. అక్కడ రంగు చిందినా, నీళ్లు ఒలికినా ఎవరూ కసరుకోకూడదన్నది మొదటి షరతు. పాత ఫ్లెక్సీ ముక్కను తిరగేసి పరిస్తే తుడుచుకోవడం సులభం. మన ఊళ్లలో ఎన్నికలో, పుట్టినరోజులో జరుగుతున్నంత కాలం వాటికి కొరత ఉండదు. సగం కట్టిన అట్టపెట్టె ఇంటిని రాత్రి కాగానే ఎత్తి పారేయకుండా, మర్నాడు మళ్లీ అక్కడి నుంచే మొదలుపెట్టుకోనివ్వాలన్నది రెండో షరతు. పెద్దలు ఎక్కువగా తప్పేది ఈ రెండోదాంట్లోనే.

2. సామాను పోగుచేయండి, కొనవద్దు

అంగడిలో దొరికే కిట్లలో ముక్కలు ముందే కోసి ఉంటాయి, ఏ రంగు ఎక్కడ పూయాలో పెట్టె మీదే అచ్చు వేసి ఉంటుంది. పిల్లవాడు నిర్ణయించవలసింది ఏమీ మిగలదు. దానికి బదులు ఒక పెద్ద అట్టపెట్టెలో కొబ్బరి చిప్పలు, చింతగింజలు, దర్జీ దగ్గర మిగిలిన గుడ్డపీలికలు, పెళ్లిపత్రికలు, సీసా మూతలు, దారపు ఉండలు వేసి ఉంచండి. చిత్తూరు ప్రాంతంలో ఎండాకాలం వస్తే మామిడి టెంకలకు కొదవ లేదు. గుజ్జు ఫ్యాక్టరీలకు వెళ్లే తోతాపురి కంటే పీచు ఎక్కువ ఉండే నాటుకాయ టెంక ఈ పనికి మేలు. కడిగి నాలుగైదు రోజులు ఎండబెడితే పీచు నెరిసిన గడ్డంలా విచ్చుకుంటుంది, రెండు కళ్లు అంటిస్తే తాత తయారవుతాడు. కుమ్మరి దగ్గర నుంచి తెచ్చుకున్న బంకమట్టి ఉంటే, తడిగుడ్డ చుట్టి మూత ఉన్న డబ్బాలో పెట్టండి, చాలా రోజులు మెత్తగా ఉంటుంది.

అన్నీ ఒకేసారి ముందు పోస్తే పిల్లలు తికమకపడి దేన్నీ ముట్టుకోరు. నాలుగైదు రకాలు బయట ఉంచి, మిగిలినవి దాచి, వారానికొకసారి మార్చండి. ఇంట్లో మూడేళ్ల లోపు పసివాళ్లు ఉంటే గింజలు, గుండీలు, మూతలు వాళ్లకు అందని ఎత్తులో ఉండాలి.

3. ఖాళీ సమయాన్ని ఖాళీగానే ఉంచండి

బడి, ట్యూషను, హోంవర్కు పోగా మిగిలిన గంటను కూడా ఏదో ఒక క్లాసుతో నింపేస్తే, ఎన్ని కొబ్బరి చిప్పలు పోగుచేసినా ప్రయోజనం లేదు. రోజూ కనీసం ముప్పావు గంట, ఎవరూ ఏమీ చెప్పని సమయం ఉండాలి. "బోరు కొడుతా ఉందమ్మా" అని వచ్చినప్పుడు వెంటనే ఫోను ఇవ్వకండి, అలాగని పదిరకాల ఆటలూ సూచించకండి. "అట్లనా" అని మీ పని మీరు చేసుకుంటూ ఉండండి. మొదటి పది నిమిషాలు వాళ్లు కాళ్లకడ్డం పడతారు, ఆ తర్వాత దుప్పటి తీసి రెండు కుర్చీల మీద పరిచి ఇల్లు కట్టడం మొదలుపెడతారు. ఆ పది నిమిషాలు ఓర్చుకోవడమే కష్టం, ముఖ్యంగా వంట మధ్యలో ఉన్నప్పుడు.

ఫోను విషయంలో ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో ఇచ్చిన సూచన ప్రకారం రెండేళ్ల లోపు పిల్లలకు తెర అసలు చూపకూడదు. రెండు నుంచి నాలుగేళ్ల వారికి రోజుకు గంట మించకూడదు, అంతకంటే తగ్గితే ఇంకా మంచిది.

4. కథను సగంలో వదిలేయండి

రాత్రి చెప్పే కథను చివరిదాకా చెప్పాలన్న నియమం ఏమీ లేదు. నక్క బావిలో పడ్డాక ఆపి, "ఇప్పుడు ఎట్లా బయటకొస్తాది?" అని అడగండి. వచ్చిన సమాధానం ఎంత అసంభవంగా ఉన్నా కథను ఆ దారిలోనే నడిపించండి. అలిపిరి మెట్లదారిలో ఈ ఆట మా ఇంట్లో బాగా స్థిరపడింది. దాదాపు 3,550 మెట్లు ఎక్కవలసిన దారిలో పిల్లలు వెయ్యి దాటకముందే కాళ్ల నొప్పులంటారు. అప్పుడు ఒక్కొక్కరం ఒక్కో వాక్యం చేరుస్తూ గొలుసుకథ అల్లుకుంటూ పోతాం. ఒకరు చెప్పిన దాన్ని మరొకరు కాదనకూడదు, చచ్చిపోయిన పాత్రను కలలో తప్ప తిరిగి తేకూడదు. ఈ రెండే నియమాలు. కాదనకూడదన్న నియమం పిల్లల కంటే పెద్దలకే ఎక్కువ అవసరమని రెండు మలుపులు ఎక్కేసరికి తెలిసిపోతుంది.

5. నెలకు ఒక పనినైనా నిదానంగా చేయించండి

అరగంటలో ముగిసే పనులతో పాటు, వారాల తరబడి కనిపెట్టుకొని ఉండవలసిన పని ఒకటి ఉంటే పిల్లల ఊహకు లోతు వస్తుంది. ఇందుకు శ్రీకాళహస్తి కలంకారీ కంటే మంచి గురువు మన దగ్గర మరొకటి లేదు. అక్కడి కళాకారులు నల్లరంగును బెల్లం, తుప్పు పట్టిన ఇనుము, నీళ్లు కలిపి ఊరబెట్టి చేసుకుంటారు. బట్టను ముందుగా కరక్కాయ కలిపిన పాలలో ముంచి ఆరబెడతారు. ఇంట్లో చిన్న ఎత్తున ఇలా చేయవచ్చు.

గాజు సీసాలో గుప్పెడు తుప్పు మేకులు, నిమ్మకాయంత బెల్లం వేసి, మునిగేంత నీళ్లు పోయండి. మేకులను పెద్దవాళ్లే ముట్టుకోవాలి. మూత బిగించకుండా పలుచని గుడ్డ కట్టండి, ఎందుకంటే ఊరుతున్నప్పుడు గాలి పుడుతుంది. సీసా మీద "తాగకూడదు" అని పిల్లల చేతనే రాయించి, అందని చోట నీడన పెట్టండి. దాదాపు మూడు వారాలు పడుతుంది. ఈలోగా రెండు మూడు రోజులకొకసారి రంగు ఎలా మారిందో, నురగ వచ్చిందో లేదో, వాసన దేనిలా ఉందో ఒక నోటుపుస్తకంలో రాయమనండి. మా వాడు ఒక రోజు "వాసన: బస్టాండు" అని రాశాడు, నేను దిద్దలేదు.

తర్వాత వడగట్టండి. కరక్కాయ పొడిని పాలలో కలిపి, గంజి లేని తెల్లటి నూలుగుడ్డను అందులో తడిపి, పిండి, ఎండలో ఆరేయండి. గుడ్డ కొంచెం పసుపు రంగుకు తిరుగుతుంది. పాలలోని కొవ్వు వల్ల సిరా పక్కలకు పాకదు. కలానికి వెదురు పుల్ల మొన చెక్కి, మొనకు కొంచెం పైన ఉన్నిగుడ్డ చుట్టి దారంతో కట్టండి. సిరాలో ముంచి గుడ్డను వేళ్లతో నొక్కుతూ గీస్తే మొన నుంచి సిరా కొద్దికొద్దిగా దిగుతుంది. ముందు గీతలకు కాల్చిన చింతపుల్ల బొగ్గు చాలు, కాళహస్తిలోనూ అదే వాడతారు.

సీసాలో పలుచగా, మురికినీళ్లలా ఉన్న ద్రవం, గుడ్డను తాకగానే పిల్లల కళ్ల ముందే నల్లబడుతుంది. కరక్కాయలోని వగరు పదార్థమైన టానిన్, ఇనుముతో కలిసి నలుపు పుట్టిస్తుంది. మొదటిసారి చేసినప్పుడు నేను తొందరలో కరక్కాయ పట్టించని గుడ్డ ఇచ్చాను. గీతలన్నీ వెలిసిన తుప్పు రంగులో మిగిలాయి. మూడు వారాలు ఎదురుచూసిన పిల్లవాడి ముందు తల వంచుకొని నిలబడవలసి వచ్చింది. అయితే "మరి కాళహస్తిలో ఎందుకు నల్లగా వస్తాది?" అన్న ప్రశ్న అప్పుడే పుట్టింది, తర్వాత వారం రోజులు ఇంట్లో టీ డికాక్షను, దానిమ్మ తొక్క, అరటి బోదె రసం అన్నింటి మీదా ప్రయోగాలు జరిగాయి. కరక్కాయ దొరకని వాళ్లు చిక్కటి టీ డికాక్షనులో తడిపి ఆరబెట్టిన కాగితంతో ఇదే పని చేయవచ్చు. మరకలు పోవు కనుక పాత బట్టలు వేయడం మరచిపోకండి.

6. వేషం కట్టనివ్వండి

అద్దె దుస్తుల అంగడికి వెళ్లనక్కరలేదు. తిరుపతి తాతయ్యగుంట గంగమ్మ జాతరలో రోజుకొక వేషం కట్టే ఆచారాన్ని చూడండి. బైరాగి వేషానికి నాముకొమ్ము, బండ వేషానికి కుంకుమ, తోటి వేషానికి బొగ్గు, దొర వేషానికి గంధం ఒంటికి పూసుకుంటారు. ఒక్కొక్క పదార్థంతో మనిషి మనిషే మారిపోతాడు. ఇంట్లోనూ ఒక తువ్వాలు, ఒక పాత చీర, తాత కళ్లజోడు పెట్టె చాలు. పిల్లవాడు కండక్టరైతే మీరు టికెట్టు అడగండి, "చిల్లర లేదు" అంటే గొడవ పడండి. ఆటలో మీకు ఇచ్చిన పాత్రకు మించి పోవద్దు. ఆటను నడిపించేది వాళ్లు.

7. చూసి మాట్లాడండి, మెచ్చుకోవడానికి తొందరపడకండి

"సూపర్" అని చూడకుండా అనడం కంటే, చూసి ఊరుకోవడం మేలు. "ఈ చెట్టుకు వేళ్లు పైకి ఉన్నాయే", "ఇక్కడ నీలం చాలా గట్టిగా రుద్దినట్టున్నావు" అని కనిపించింది చెబితే, మిగతాది వాళ్లే చెబుతారు. "ఇది ఏమిటి?" అన్న ప్రశ్న కూడా జాగ్రత్తగా వాడండి. అది ఏదో ఒకటి అయి తీరాలన్న ఒత్తిడి అందులో ఉంది. "దీని గురించి చెప్పు" అంటే సరిపోతుంది.

బొమ్మ గీస్తే చాక్లెట్టు ఇస్తానని ఆశ పెట్టడం అన్నిటికంటే నష్టం చేస్తుంది. మార్క్ లెప్పర్, డేవిడ్ గ్రీన్, రిచర్డ్ నిస్బెట్ అనే అమెరికా మనస్తత్వ శాస్త్రవేత్తలు 1973లో ఒక ప్రయోగ ఫలితాన్ని ప్రచురించారు. బొమ్మలంటే ఇష్టమున్న చిన్నపిల్లల్లో కొందరికి గీస్తే బహుమతి పత్రం ఇస్తామని ముందే చెప్పారు, కొందరికి చెప్పకుండా గీశాక ఇచ్చారు, మిగిలినవారికి ఏమీ ఇవ్వలేదు. కొన్నాళ్ల తర్వాత ఆట సమయంలో స్కెచ్ పెన్నులు మామూలుగా ముందు పెడితే, ముందే ఆశ చూపిన పిల్లలు తక్కిన రెండు గుంపుల కంటే దాదాపు సగం సమయమే బొమ్మలు గీశారు. చెప్పకుండా ఇచ్చిన బహుమతి మాత్రం ఆ నష్టం చేయలేదు.

8. చేసినవాటిని ఏం చేయాలి?

గోడ మీద పిల్లల కంటి ఎత్తులో ఒక దారం కట్టి, బట్టల క్లిప్పులతో బొమ్మలు తగిలించండి. దసరాకు బొమ్మల కొలువు పెట్టే ఇళ్లలో కింది మెట్టు ఒకటి వాళ్లకు వదిలేయండి. దేవుళ్ల కింద మామిడి టెంక తాత కూర్చున్నా ఎవరికీ కోపం రాదు. చోటు చాలనప్పుడు ఏది ఉంచాలో ఏది తీసేయాలో వాళ్లనే ఎంచమనండి, వాళ్లు చూడకుండా చెత్తబుట్టలో వేయకండి. మా ఇంట్లో ప్రతి రెండు నెలలకు ఈ ఎంపిక జరుగుతుంది. నాలుక ఉన్న కొండ మాత్రం ఇప్పటికి నాలుగు ఎంపికలు దాటి బీరువా తలుపు మీదే ఉంది, దాని పక్కన రెండో కాగితం మీద ఒక పళ్లెం, పళ్లెంలో పన్నెండు ఇడ్లీలు.