వర్డ్‌లో ప్రత్యేక గుర్తులకు సొంత షార్ట్‌కట్లు: దేనికి కీ, దేనికి ఆటోకరెక్ట్

గణితం ప్రశ్నపత్రం తయారుచేసే ఉపాధ్యాయులకు కోణం గుర్తు, డిగ్రీ గుర్తు కావాలి. పద్దులు రాసేవారికి రూపాయి గుర్తు కావాలి. పాత పద్యాలను కంప్యూటర్‌లోకి ఎక్కించేవారికి అరసున్న, బండి ఱ, పద్యం చివర రెండు నిలువు గీతలు కావాలి. ఇవేవీ మామూలు కీబోర్డు మీద కనిపించవు కాబట్టి చాలామంది ప్రతిసారీ ఇన్సర్ట్ మెనూలోకి వెళ్లి వందల గుర్తుల మధ్య వెతుక్కుంటారు, లేదా పాత ఫైలు తెరిచి అందులోంచి కాపీ చేసుకుంటారు. పేజీకి ఇరవైసార్లు వచ్చే గుర్తుకు ఇంత శ్రమ అవసరం లేదు. విండోస్ మీద నడిచే మైక్రోసాఫ్ట్ వర్డ్‌లో ఈ పనికి మూడు దారులున్నాయి. వాటిలో ఏది ఏ గుర్తుకు సరిపోతుందో ముందుగా తెలుసుకుంటే, ఒకసారి కూర్చుని ఏర్పాటు చేసుకున్నది ఏళ్ల తరబడి పనికివస్తుంది.

నేను పాటించే సూత్రం ఒక్కటే. అంకెకో అక్షరానికో అంటుకుని ఉండే గుర్తుకు కీ కేటాయించాలి. రెండు పక్కలా ఖాళీతో విడిగా నిలిచే గుర్తుకు ఆటోకరెక్ట్ వాడాలి. ఎప్పుడో ఒకసారి వచ్చే గుర్తును దాని యూనికోడ్ సంఖ్యతో, అంటే అన్ని కంప్యూటర్లలోనూ ఆ గుర్తుకు ఒకేలా ఉండే సంఖ్యతో, రాయాలి. ఆటోకరెక్ట్ పనిచేసే తీరు నుంచే ఈ సూత్రం పుట్టింది. అక్షరాలతో కూడిన సంక్షిప్తాన్ని టైపు చేసి, స్పేస్ గానీ విరామచిహ్నం గానీ కొట్టిన తరువాతే వర్డ్ దాన్ని గుర్తుగా మారుస్తుంది. రూపాయి గుర్తు కోసం అలాంటి సంక్షిప్తం పెట్టుకుంటే ₹500 అని రావలసిన చోట నడుమ ఖాళీతో ₹ 500 అని వస్తుంది, ఆ ఖాళీని వెనక్కి వెళ్లి చెరపాలి. 37° విషయంలో ఇబ్బంది ఇంకా ఎక్కువ. అంకె వెంటనే సంక్షిప్తం రాస్తే, రెండూ కలిసిన దాన్నంతటినీ వర్డ్ ఒకే మాటగా చూస్తుంది కాబట్టి అసలు మార్పే జరగదు. అందువల్ల ₹, °, ∠, ½ వంటివాటికి కీ ఉండటమే మేలు.

కీ కేటాయించే పద్ధతి ఇది. ఇన్సర్ట్ ట్యాబ్‌లో సింబల్ నొక్కి, అందులో మోర్ సింబల్స్ ఎంచుకోవాలి. తెరుచుకున్న పెట్టెలో పైన ఫాంట్ అన్నచోట నార్మల్ టెక్స్ట్ గానీ నిర్మలా యూఐ వంటి యూనికోడ్ ఫాంట్ గానీ ఉండేలా చూడాలి. ఈ జాగ్రత్తను తేలికగా తీసుకోవద్దు. వింగ్‌డింగ్స్, సింబల్ వంటి ఫాంట్లలోని బొమ్మలు ఆ ఫాంట్ ఉన్నంతవరకే ఆ రూపంలో ఉంటాయి. ఫాంట్ మారిన వెంటనే, లేదా ఆ పాఠాన్ని ఫోనులోకో మెయిల్‌లోకో అతికించిన వెంటనే, అవి ఖాళీ డబ్బాగానో సంబంధం లేని అక్షరంగానో మారిపోతాయి. మనం పెట్టుకున్న షార్ట్‌కట్ మన కంప్యూటర్‌లోనే ఉంటుంది, గుర్తు మాత్రం ఫైలుతో పాటు ఊళ్లు తిరుగుతుంది. కనుక సరైన యూనికోడ్ గుర్తును ఎంచుకోవడం షార్ట్‌కట్ కంటే ముందు చేయవలసిన పని.

కావలసిన గుర్తు మీద ఒకసారి నొక్కి, కింద ఉన్న షార్ట్‌కట్ కీ బటన్ నొక్కితే కొత్త పెట్టె వస్తుంది. అందులో ప్రెస్ న్యూ షార్ట్‌కట్ కీ అన్న గడిలో కర్సర్ పెట్టి, మనకు కావలసిన కీలను కలిపి నొక్కాలి. వెంటనే అసైన్ నొక్కకుండా, దాని కింద కరెంట్లీ అసైన్డ్ టు అన్న వరుసలో ఏముందో చదవాలి. రూపాయికి గుర్తుంటుందని కంట్రోల్, ఆల్ట్, ఆర్ కలిపి నొక్కితే అది అప్పటికే ® గుర్తుకు ఉంది. కంట్రోల్, ఆల్ట్, సి కలిపితే ©. అదే వరుసలో టి ట్రేడ్‌మార్క్ గుర్తుకు, ఇ యూరో గుర్తుకు, ఎఫ్ ఫుట్‌నోట్‌కు, డి ఎండ్‌నోట్‌కు, ఎం వ్యాఖ్యకు కేటాయించి ఉన్నాయి. పరిశోధన పత్రాలు రాసేవారు డిగ్రీ గుర్తు కోసం డి తీసేసుకుంటే ఎండ్‌నోట్ కీ పోతుంది, అది ఎందుకు పోయిందో తరువాత గుర్తుకు రాదు. అన్అసైన్డ్ అని కనిపించిన కీలనే తీసుకుని అసైన్, ఆపైన క్లోజ్ నొక్కాలి.

గుర్తులు నాలుగైదు మించితే ఖాళీ కీలు వెతకడమే ఒక పని అవుతుంది. దానికి వర్డ్‌లోనే మంచి ఉపాయం ఉంది, కానీ దాన్ని వాడేవారు తక్కువ. ఆ గడిలో ముందు ఒక కీల కలయికను, ఉదాహరణకు కంట్రోల్, ఆల్ట్, క్యూలను కలిపి నొక్కి వదిలేసి, వెంటనే ఆర్ ఒక్కటే నొక్కాలి. అప్పుడు అది రెండు మెట్ల షార్ట్‌కట్‌గా నమోదవుతుంది. అదే మొదటి మెట్టు తరువాత డి నొక్కితే డిగ్రీ, కె నొక్కితే కోణం, హెచ్ నొక్కితే సగం అని వరుసగా పెట్టుకోవచ్చు. మొదటి మెట్టుగా వాడే కలయిక ఖాళీగా ఉందో లేదో చూసుకుంటే చాలు. రెండో మెట్టులో అక్షరాలన్నీ మనవే. పది గుర్తులు వాడేవారికి నా సలహా ఈ పద్ధతే.

రూపాయి గుర్తు విషయంలో మాత్రం ఒక మాట చెప్పాలి. ఈ గుర్తును భారత ప్రభుత్వం 2010 జులై 15న ఆమోదించింది. అదే ఏడాది అది యూనికోడ్‌లో చేరింది. ఇప్పటి విండోస్‌లో ఇంగ్లీష్ ఇండియా కీబోర్డును ఎంచుకుని ఉంటే కుడివైపు ఆల్ట్‌తో 4 నొక్కగానే, లేదా కంట్రోల్, ఆల్ట్, 4 కలిపి నొక్కగానే ₹ వస్తుంది. ఇది వర్డ్‌లోనే కాక అన్నిచోట్లా పనిచేస్తుంది కనుక దీనికి వేరే షార్ట్‌కట్ అక్కర్లేదు.

తెలుగు రాసేవారికి అన్నిటికంటే ఎక్కువగా అవసరమయ్యే గుర్తు కంటికి కనిపించదు. సాఫ్ట్‌వేర్, రాజ్‌కుమార్ వంటి మాటల్లో పొల్లు తరువాత వచ్చే హల్లు ఒత్తుగా కిందికి జారకుండా ఆపేది అదే. అది లేకపోతే ఆ మాటలు సాఫ్ట్వేర్, రాజ్కుమార్ అని అచ్చవుతాయి, చదివేవారు ఒక క్షణం ఆగిపోతారు. మోర్ సింబల్స్ పెట్టెలో స్పెషల్ క్యారెక్టర్స్ అనే రెండో ట్యాబ్‌లో నో-విడ్త్ ఆప్షనల్ బ్రేక్ అన్న పేరుతో అది ఉంటుంది. మాట మధ్యలో వచ్చేది కనుక దీనికి ఆటోకరెక్ట్ పనికిరాదు, కీయే కావాలి. చేయి కదలకుండా అందే కీ ఒకటి దీనికి ఇవ్వండి, ఎందుకంటే ఇంగ్లీషు మాటలు కలిసిన తెలుగు వ్యాసంలో దీని అవసరం ప్రతి పేరాలోనూ పడుతుంది. అదే ట్యాబ్‌లో ఉన్న నాన్‌బ్రేకింగ్ స్పేస్‌కు కంట్రోల్, షిఫ్ట్, స్పేస్ అనే కీ ముందే ఉంది. శ్రీ అన్న మాట వరుస చివర మిగిలి, పేరు కింది వరుసకు పోకుండా అది ఆపుతుంది.

ఇక ఆటోకరెక్ట్. ఫైల్, ఆప్షన్స్, ప్రూఫింగ్ వరుసలో వెళ్లి ఆటోకరెక్ట్ ఆప్షన్స్ తెరవాలి. రీప్లేస్ గడిలో సంక్షిప్తం, విత్ గడిలో గుర్తు పెట్టి యాడ్ నొక్కాలి. సింబల్స్ పెట్టెలోని ఆటోకరెక్ట్ బటన్ నొక్కితే గుర్తు తనంతట తానే విత్ గడిలోకి వచ్చి చేరుతుంది, అది తేలిక. గణితంలో ‘కావున’కు వాడే ∴, నోట్సులో వాడే →, పద్యం చివర ఖాళీ తరువాత వచ్చే ॥ వంటివాటికి ఇది సరిగ్గా సరిపోతుంది.

సంక్షిప్తం ఎంపికలోనే పొరపాట్లు ఎక్కువగా జరుగుతాయి. ∴ కోసం ‘కావున’ అన్న మాటనే పెట్టుకుంటే, తరువాత రాసే ప్రతి ఉత్తరంలోనూ ఆ మాట గుర్తుగా మారిపోతుంది. ఏ మాటా అలా మొదలుకాని అక్షరంతో సంక్షిప్తాలు మొదలుపెట్టుకోవాలి. తెలుగు కీబోర్డుతో రాసేవారికి ఙ ఇందుకు చక్కగా పనికివస్తుంది, ఎందుకంటే వాడుకలో ఆ అక్షరంతో మొదలయ్యే మాట లేదు. ఙక అంటే ∴, ఙబ అంటే బాణం, ఙద అంటే ॥ అని పెట్టుకోవచ్చు. ఇంగ్లీషు అక్షరాలతో సంక్షిప్తం పెట్టుకుంటే దాన్ని కొట్టడానికి ప్రతిసారీ కీబోర్డు మార్చాలి, అప్పుడు సంక్షిప్తం వల్ల మిగిలిన సమయం అంతా అక్కడే పోతుంది. ఆటోకరెక్ట్ జాబితా భాషను బట్టి వేరుగా ఉంటుందని కూడా గమనించాలి. పెట్టె పై వరుసలో ఏ భాష పేరు ఉందో చూడాలి. కర్సర్‌ను తెలుగు పాఠంలో ఉంచి పెట్టెను తెరిస్తే తెలుగు జాబితా వస్తుంది. ఎక్కడైనా మార్పు వద్దనుకుంటే అది జరిగిన వెంటనే కంట్రోల్, జెడ్ నొక్కితే మనం కొట్టిన అక్షరాలు తిరిగి వస్తాయి.

ఇంగ్లీషు అక్షరాల స్థానంలో తెలుగు ఆకారాలు కూర్చిన పాత డీటీపీ ఫాంట్లతో ఇంకా పనిచేసేవారు ఈ భాగాన్ని వదిలేయడం మంచిది. వర్డ్ దృష్టిలో ఆ పాఠం తెలుగు కాదు, ఇంగ్లీషు అక్షరాల వరుస. ఆటోకరెక్ట్ వాటిని సవరించబోయి మాటలను చెడగొడుతుంది. అలాంటి ఫైళ్లకు ఆటోకరెక్ట్ పెట్టెలో రీప్లేస్ టెక్స్ట్ యాజ్ యు టైప్ అన్న మాట పక్కనున్న టిక్కు తీసేయాలి.

అరుదైన గుర్తులకు ఆల్ట్, ఎక్స్ ఉంది. యూనికోడ్ సంఖ్య కొట్టి, వెంటనే ఈ రెండూ కలిపి నొక్కితే సంఖ్య గుర్తుగా మారుతుంది. 2220 కోణం, 2225 సమాంతరం, 2260 అసమానం, 2264 తక్కువ లేదా సమానం, 0964 ఒంటి నిలువు గీత, 0965 జంట గీతలు. తెలుగు అక్షరాల సంఖ్యలన్నీ సున్న, ఇంగ్లీషు సి అక్షరాలతో మొదలవుతాయి: అరసున్నకు ఆ రెండింటి తరువాత 01, బండి ఱకు 31. సి కొట్టాలి కనుక ఆ క్షణానికి ఇంగ్లీషు కీబోర్డులో ఉండాలి. సంఖ్యకు ముందు వేరే అంకె ఆనుకుని ఉంటే వర్డ్ దాన్ని కూడా కలిపి లెక్కిస్తుంది, అందుకని సంఖ్య వరకే సెలెక్ట్ చేసి నొక్కాలి. ఇదే కీ వెనక్కి కూడా పనిచేస్తుంది: ఎవరో పంపిన ఫైలులోని గుర్తు ఏదో తెలియకపోతే దాని వెనుక కర్సర్ పెట్టి ఆల్ట్, ఎక్స్ నొక్కితే సంఖ్య బయటపడుతుంది.

లిబ్రేఆఫీస్ రైటర్‌లోనూ ఆల్ట్, ఎక్స్ ఇలాగే నడుస్తుంది. టూల్స్ మెనూలోని ఆటోకరెక్ట్ ఆప్షన్స్‌లో వర్డ్‌కు లేని వెసులుబాటు ఒకటి ఉంది. సంక్షిప్తానికి ముందు చుక్క, నక్షత్రం గుర్తు చేర్చి నమోదు చేస్తే, అది మాట చివర అంటుకుని వచ్చినా మార్పు జరుగుతుంది. అంటే 37 తరువాత డిగ్రీ సంక్షిప్తాన్ని ఖాళీ లేకుండా రాయవచ్చు. గూగుల్ డాక్స్‌లో టూల్స్, ప్రిఫరెన్సెస్, సబ్‌స్టిట్యూషన్స్ వరుసలో ఇలాంటి జాబితాయే ఉంటుంది.

వర్డ్‌లో పెట్టుకున్న కీలు మామూలుగా నార్మల్ టెంప్లేట్ (కొత్త పత్రాలకు నమూనాగా ఉండే) ఫైలులో చేరతాయి, సాదా ఆటోకరెక్ట్ పదాలు వేరే చోట ఉంటాయి. అందుకే కంప్యూటర్ మార్చినప్పుడు రెండింటినీ విడివిడిగా తీసుకువెళ్లాలి. ప్రశ్నపత్రాలకు ప్రత్యేకంగా ఒక టెంప్లేట్ ఉంటే, కీ కేటాయించే పెట్టెలోని సేవ్ ఛేంజెస్ ఇన్ అన్నచోట దాన్నే ఎంచుకోండి. బడిలో ఆ టెంప్లేట్ తీసుకున్న ప్రతి ఒక్కరికీ అవే కీలు వస్తాయి. పెట్టుకున్న కీలు మరిచిపోతే ఫైల్, ప్రింట్‌లో సెట్టింగ్స్ కింద కీ అసైన్‌మెంట్స్ ఎంచుకుని ముద్రిస్తే, మన సొంత షార్ట్‌కట్ల పట్టిక కాగితం మీదికి వస్తుంది.