నెల్లూరులో షూటింగ్: ప్రొడక్షన్ మేనేజర్ పని ఎలా మొదలుపెట్టాలి?

ప్రొడక్షన్ మేనేజరంటే డబ్బు సంచి పట్టుకుని తిరిగే మనిషి అనుకుంటారు చాలామంది. సంచి తర్వాత సంగతి, ముందు చేతికొచ్చేది స్క్రిప్టు.

1. దాన్ని కథ వరసలో కాకుండా లొకేషన్ల వారీగా విడగొట్టండి. మైపాడు బీచ్ సీన్లన్నీ ఒకచోట, టౌన్లో ఇంటి సీన్లన్నీ ఒకచోట. ఒక్కో సీనుకి ఎదురుగా ఆర్టిస్టులు, కాస్ట్యూమ్స్, బండ్లు, పగలో రాత్రో రాసుకోవాలి. 'సముద్రంలో సూర్యాస్తమయం' అని కనబడితే మాత్రం అక్కడే ఆగి డైరెక్టర్‌ని అడగండి. మనది తూర్పు తీరం, మైపాడులో పొద్దు సముద్రంలోంచి పొడుస్తుందే గానీ అందులో కుంకదు. తెల్లారుజామున తీసి సాయంత్రమని చూపించాలి. అంటే నెల్లూరు లాడ్జి నుంచి యూనిట్ బండి మూడున్నరకల్లా కదలాలి, మేకప్‌వాళ్లు అంతకన్నా ముందే లేవాలి, ఆ వేళకి టీ కాచే మనిషిని ముందురోజే మాట్లాడాలి. ఒక్క లైనుకి, ఎవరెన్నింటికి ఎక్కడుండాలో రాసే కాల్‌షీటంతా తిరగరాయాల్సిందే.

2. తర్వాత తేదీలు. అక్టోబరొచ్చింది, వానలు పోయాయని హైదరాబాద్ వాళ్లు ధీమాగా ఉంటారు. నెల్లూరుకి అసలు వానలు అక్టోబర్ నుంచి డిసెంబర్ దాకా, ఈశాన్య రుతుపవనాలతోనే. వాయుగుండం పట్టిందా, యూనిట్ లాడ్జిలో కూర్చున్నా బేటాలు (రోజువారీ భత్యాలు) తప్పవు. మొహర్రం ఎప్పుడో కూడా చూసుకోండి. బారాషహీద్ దర్గా దగ్గర రొట్టెల పండక్కి లక్షల్లో జనం వస్తారు, రూము దొరకడం కష్టం. అది ఏటా పది, పదకొండు రోజులు ముందే వస్తుంది కాబట్టి నిరుటి క్యాలెండర్ పనికిరాదు.

3. అనుమతులకి పంచాయతీ, పోలీస్ స్టేషన్, డ్రోనుంటే, ఎక్కడ ఎగరెయ్యొచ్చో చూపించే ప్రభుత్వ డిజిటల్ స్కై మ్యాపు చూసుకోవాలి. కాగితాలెన్ని ఉన్నా మత్స్యకారుల ఊరి పెద్దల్ని కలవకుండా ఒడ్డున ట్రైపాడ్ దించకండి. తెల్లారి షాట్‌లో పడవలు కావాలంటే అవి ఆ వేళకి వేటలో ఉంటాయి. "వేట మానుకోవాలంటే ఏమిస్తావు అబ్బయ్యా?" అని అడుగుతారు, న్యాయమే. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు వేట నిషేధం, అప్పుడైతే మర పడవలు ఒడ్డునే ఉంటాయి. ఎండ మాత్రం మాడ్చేస్తుంది.

4. లెక్కలు ఏ రోజుకారోజు రాత్రే రాయండి. ఇడ్లీ బండి ఆయన బిల్లివ్వడు కాబట్టి వోచర్ మీద పేరు, ఫోన్ నంబరు, సంతకం తీసుకోవాలి. ఒకే మనిషికి ఒకే రోజు 10,000 రూపాయలు దాటితే బ్యాంకు ద్వారానే పంపండి. నగదిస్తే సాధారణంగా పన్ను లెక్కల్లో ఆ ఖర్చు చెల్లదు.

ఈ పనిలోకి రావాలనుకునే మన జిల్లా కుర్రాళ్లు ఊళ్లోకొచ్చిన యూనిట్‌లో లొకేషన్ హెల్పర్‌గా చేరొచ్చు. ఏ వీధిలో జనరేటర్ వ్యాను పడుతుందో, ఎవరింటి తాళం ఎవరి దగ్గరుంటుందో మీకు తెలుసు, వాళ్లకి తెలియదు. మేనేజర్‌ని పని అడిగేటప్పుడు ఇవే చెప్పండి. నటనంటే ప్రాణమని మాత్రం నోరు జారకండి, ఆ మాట వినగానే ఆయన ఇంకొకర్ని వెతుక్కుంటాడు.