అల్బెర్తో ఇగ్లేసియాస్ సంగీతం ఎక్కడ మొదలుపెట్టాలి, ఎలా వినాలి

అల్బెర్తో ఇగ్లేసియాస్ స్పెయిన్‌కి చెందిన సినిమా సంగీత దర్శకుడు. ముందు పేరు గొడవ తేల్చుకుందాం. సెర్చ్‌లో ఇగ్లేసియాస్ అని కొట్టారంటే గాయకుడు హూలియో వచ్చేస్తాడు, వెనకాలే కొడుకు ఎన్రికే వస్తాడు, ఆ ప్రేమ పాటలన్నీ దాటుకుంటూ కిందకెళ్తే ఎక్కడో అడుగున మనాయన ఉంటాడు. వాళ్ళకీ ఈయనకీ చుట్టరికం ఏమీ లేదు, ఇంటిపేరు ఒకటైంది అంతే. అందుకని పూర్తి పేరు కొట్టి పక్కన ఏదో ఒక సినిమా పేరు కూడా కలపండి. ఈయన 1955లో ఉత్తర స్పెయిన్‌లోని బాస్క్ ప్రాంతంలో, సముద్రం ఒడ్డున ఉన్న సాన్ సెబాస్తియాన్‌లో పుట్టాడు.

రెండోది, ఆల్బమ్‌తో మొదలుపెట్టకండి. నేను చేసిన తప్పే అది. పని చేసుకుంటూ ఒక ఆల్బమ్ పెట్టుకున్నా, అయిపోయిన సంగతి కూడా చాలాసేపటికి గానీ తెలీలేదు, ఇంత పేరున్న మనిషి సంగీతం ఇంతేనా అనుకుని వదిలేశా. తర్వాత సినిమా చూస్తే అర్థమైంది, ఈయన మాటల కింద, మొహాల కింద సన్నగా నడిచేలా రాస్తాడు, ఆ మొహాలు తీసేసి వింటే సగం పోతుంది. కాబట్టి ముందు సినిమా, ఆల్బమ్ తర్వాత.

ఏ సినిమా అంటే నా ఓటు స్పెయిన్ దర్శకుడు పెద్రో అల్మొదోవార్ తీసిన టాక్ టు హర్‌కి, 2002 సినిమా. అందులో మధ్యలో ఒక చిన్న బ్లాక్ అండ్ వైట్ మూకీ సినిమా వస్తుంది, ఏడు నిమిషాలకి అటూ ఇటూగా ఉంటుంది, ఒకడు తను ప్రేమించిన సైంటిస్టు తయారుచేసిన మందు తాగేసి రోజురోజుకీ చిన్నగా అయిపోతుంటాడు. అక్కడ డైలాగ్ వినపడదు కాబట్టి సంగీతం మొత్తం బయటికొస్తుంది, కొత్తగా వినేవాళ్ళకి ఇంతకంటే మంచి చోటు లేదు. ఒక పని చేయండి, మొదటిసారి సౌండ్ తీసేసి చూడండి, నవ్వొస్తుంది. ఇప్పుడు వెనక్కి తిప్పి సౌండ్‌తో చూడండి, బొమ్మ అదే, కానీ ఆ వయొలిన్లు ఎక్కడా నవ్వవు, ఆ మనిషి కష్టాన్ని నిజంగానే పట్టించుకుంటాయి, దాంతో మన నవ్వు కూడా మెల్లగా ఆగిపోతుంది. ఆ మూకీ సినిమా వెనక దర్శకుడు దాచిపెట్టిన విషయం ఒకటుంది, అది చెప్తే సినిమా పాడైపోతుంది కాబట్టి చెప్పను.

ఇది ఎక్కితే అల్మొదోవార్ సినిమాల్లోనే ఉండండి, తొందరేం లేదు. అంతకుముందు ఆ దర్శకుడు మొర్రికోనే, సకమోతో అనే పెద్ద సంగీత దర్శకులతో చెరో సినిమాకి సంగీతం చేయించుకున్నాడు, 1995లో ద ఫ్లవర్ ఆఫ్ మై సీక్రెట్‌కి ఈయన్ని తెచ్చుకున్నాక మాత్రం ఇక మారలేదు. బ్యాడ్ ఎడ్యుకేషన్ (2004)లో టైటిల్స్ పడేటప్పుడు స్కిప్ కొట్టొద్దు. ద స్కిన్ ఐ లివ్ ఇన్ (2011)లో వయొలిన్ వెంటపడి తరుముతున్నట్టు ఉంటుంది, దాన్ని హెడ్‌ఫోన్స్‌లో వినండి.

ఒక జాగ్రత్త, ఈ సినిమాల్లో గుర్తుండిపోయే పాటలు చాలావరకు ఈయనవి కావు. వోల్వేర్ (2006)లో పెనెలోపే క్రూజ్ పెదవులు కదిపే పాట అర్జెంటీనా గాయకుడు గార్దెల్ పాత టాంగో, గొంతు గాయని ఎస్త్రెయా మొరెంతేది. టాక్ టు హర్‌లో కూర్చుని పాడేది బ్రెజిల్ గాయకుడు కయెతానో వెలోజో. పాట అయిపోయాక ఏం వినిపిస్తుందో అక్కడ చెవి పెట్టండి, ఈయన పని అక్కడుంటుంది.

తర్వాత ఇంగ్లీష్ సినిమాలు. ద కాన్‌స్టంట్ గార్డెనర్ (2005), ద కైట్ రన్నర్ (2007), టింకర్ టైలర్ సోల్జర్ స్పై (2011), మూడింటికీ ఆస్కార్ నామినేషన్ వచ్చింది, తర్వాత పారలెల్ మదర్స్ (2021)కి నాలుగోది, ఒక్కటీ గెలవలేదు. స్పెయిన్ సినిమా అవార్డులైన గోయాలు మాత్రం పదికి పైనే ఉన్నాయి, అక్కడ ఈయన కొట్టని ఏడాదే వింత అనిపిస్తుంది.

దర్శకుడు హూలియో మేదెమ్ సినిమాలు, అంటే వాకాస్ (1992) దగ్గర్నుంచి వచ్చినవి, చివరికి ఉంచుకోండి. నిజానికి ఈయన పెద్ద సినిమాల్లోకి వచ్చిన దారి అదే కానీ కొత్తవాళ్ళకి కొంచెం వింతగా ఉంటాయి. సినిమాలకి ముందు హవియేర్ నవర్రెతేతో కలిసి ఎలక్ట్రానిక్ సంగీతం చేసేవాడు, పాన్స్ లాబిరింత్ సినిమాకి సంగీతం ఇచ్చిన నవర్రెతేనే. నాచో దువాతో అనే కొరియోగ్రాఫర్ నడిపిన డాన్స్ కంపెనీకి బాలేలు కూడా రాశాడు, అందుకేనేమో నెమ్మదిగా నడిచే సీన్‌లో కూడా లోపల ఒక అడుగు పడుతున్నట్టు ఉంటుంది.

టింకర్ టైలర్ దగ్గర ఇంకో మాట. సినిమా అంతా 70ల నాటి లండన్ గూఢచారులు, ట్రంపెట్ గది అవతల్నుంచి వినిపిస్తున్నట్టు వస్తూ పోతూ ఉంటుంది, చివరి సీన్లకొచ్చేసరికి ఒక్కసారిగా లా మేర్ అనే ఫ్రెంచ్ పాట మొదలవుతుంది. పాడేది ఎవరనుకున్నారు, హూలియో ఇగ్లేసియాస్. ఎంత తప్పించుకున్నా అక్కడ దొరికిపోతాం. ఒకే సినిమాలో ఇద్దరు ఇగ్లేసియాస్‌లు, ఇక ఆ సినిమా పేరు కలిపి సెర్చ్ కొడితే ఎవరొస్తారో నన్ను అడగొద్దు.