ఎమ్యులేటర్‌లో గేమ్ తెరుచుకోనప్పుడు లోపాన్ని ఎక్కడ వెతకాలి

ఎమ్యులేటర్‌లో, అంటే ఒక గేమ్ కన్సోల్‌ను అనుకరించి దాని గేమ్‌లను వేరే పరికరంలో నడిపే ప్రోగ్రామ్‌లో, గేమ్ తెరుచుకోవడం లేదని చెప్పేవారిని నేను మొదట అడిగేది ఒక్కటే: అది ఎక్కడి దాకా వచ్చి ఆగింది? ఫైలు ఎమ్యులేటర్ జాబితాలో అసలు కనిపించలేదా, కనిపించినా ఎంచుకోగానే ఎర్రర్ సందేశం వచ్చిందా, సందేశమేదీ లేకుండా తెర నల్లగానో తెల్లగానో నిలిచిపోయిందా, లేక ప్రారంభ దృశ్యం దాటి కొంతసేపు నడిచాక ఆగిందా? జాబితాలో కనిపించకపోతే లోపం చాలావరకు ఫోల్డర్‌లోనో అనుమతిలోనో ఉంటుంది. సందేశం వస్తే ఫైలునూ బయాస్‌నూ (కన్సోల్ లోపల ఉండే దాని సొంత ప్రోగ్రామ్) అనుమానించాలి. తెర నల్లబడితే గ్రాఫిక్స్ సెట్టింగులు కూడా అనుమానితుల జాబితాలో చేరతాయి. నడిచి ఆగితే నకలు సరిగా లేకపోవడమో, పాత సేవ్ అడ్డుపడటమో కారణం కావచ్చు. ఈ తేడా గమనించకుండా కనిపించిన సెట్టింగులన్నీ ఒకేసారి మార్చేవారికి, ఒకవేళ గేమ్ తెరుచుకున్నా ఏ మార్పు వల్ల తెరుచుకుందో తెలియదు. కాబట్టి ఒకసారికి ఒక్కటే మార్చి, ఫలితం చూసి, ఉపయోగపడకపోతే దాన్ని యథాస్థితికి తెచ్చాకే తరువాతి మార్పు చేయాలి.

ఇంకేదీ ముట్టుకోకముందు చేయవలసిన పరీక్ష ఒకటుంది. అదే కన్సోల్‌కు చెందిన మరో గేమ్‌ను, వీలైతే దాని రచయితలే ఉచితంగా పంచిపెట్టే హోమ్‌బ్రూ గేమ్‌ను, అదే ఎమ్యులేటర్‌లో తెరిచి చూడండి. అది తెరుచుకుంటే ఎమ్యులేటర్, పరికరం, అనుమతులు అన్నీ బాగానే ఉన్నాయనీ, లోపం చాలావరకు మొదటి ఫైలుదేననీ తేలుతుంది. అది కూడా తెరుచుకోకపోతే ఫైలును పక్కన పెట్టి ఎమ్యులేటర్ వైపు చూడాలి. రెండు నిమిషాల ఈ పరీక్ష చేయకుండా ఎమ్యులేటర్‌ను తీసివేసి మళ్లీ ఇన్‌స్టాల్ చేసేవారు చాలామంది. ఆ తొందరలో సేవ్ ఫైళ్లు కూడా పోగొట్టుకునే ప్రమాదం ఉంది.

జాబితాలోనే కనిపించకపోతే

ఆండ్రాయిడ్ ఫోన్లలో ఈ సమస్యకు పెద్ద కారణం ఫోల్డర్ అనుమతి. 2020లో వచ్చిన ఆండ్రాయిడ్ 11 నుంచి యాప్‌లు తమకు నచ్చిన ఫోల్డర్‌ను నేరుగా చదవడానికి ఆ వ్యవస్థ ఒప్పుకోవడం లేదు. ఫలానా ఫోల్డర్‌ను చదవవచ్చునని వాడుకరే ఎంచి చూపాలి. పీఎస్‌పీ ఎమ్యులేటరైన పీపీఎస్ఎస్‌పీపీ మొదటిసారి తెరిచినప్పుడు ఫోల్డర్ ఎంచుకోమని అడిగేది ఇందుకే. తరువాత ఆ ఫోల్డర్ పేరు మార్చినా, మెమరీ కార్డు మార్చినా, యాప్‌ను మళ్లీ ఇన్‌స్టాల్ చేసినా పాత అనుమతి పనికిరాదు. జాబితా ఖాళీగా కనిపిస్తే ఫైళ్లు పోయాయని కంగారు పడకుండా ఆ ఫోల్డర్‌నే మరొకసారి ఎంచి చూపితే చాలు.

అనేక ఎమ్యులేటర్లను ‘కోర్’లు అనే పేరుతో ఒకేచోట నడిపే రెట్రోఆర్క్ విషయంలో అపార్థానికి చోటిచ్చే అంశం మరొకటి ఉంది. అది ఫోల్డర్‌ను స్కాన్ చేసేటప్పుడు ఫైళ్లను తన డేటాబేస్‌తో పోల్చి, గుర్తుపట్టినవాటినే జాబితాలో చేరుస్తుంది. అనువాద ప్యాచ్ (గేమ్ ఫైలును మార్చే సవరణ ఫైలు) వేసిన గేమ్, హోమ్‌బ్రూ గేమ్ ఆ డేటాబేస్‌లో లేకపోతే జాబితాలో కనిపించవు. ఫైలు చెడిపోయిందని దానర్థం కాదు. మాన్యువల్ స్కాన్ చేసినా, లోడ్ కంటెంట్ ద్వారా నేరుగా ఫైలును ఎంచినా అవి తెరుచుకుంటాయి. దీనికి సరిగ్గా విరుద్ధమైన పరిస్థితి కూడా ఎదురవుతుంది: పేరు జాబితాలో ఉంటుంది కానీ నొక్కితే లోడ్ కాలేదనే సందేశం వస్తుంది. ఆ జాబితా ఫైలు ఉన్న చోటును పూర్తి చిరునామాతో గుర్తుపెట్టుకుంటుంది కనుక, ఫోల్డర్ చోటు మారితే పాత చిరునామాలో వెతికి విఫలమవుతుంది. పాత జాబితాను తొలగించి మళ్లీ స్కాన్ చేయడమే పరిష్కారం.

రెట్రో గేమ్‌ల కోసమే తయారైన చేతి పరికరాల్లో చాలావరకు ఒక్కొక్క కన్సోల్‌కు ఒక్కొక్క ఫోల్డర్ కేటాయించి ఉంటుంది. గేమ్‌బాయ్ అడ్వాన్స్ ఫైలును గేమ్‌బాయ్ ఫోల్డర్‌లో పెడితే అది కనిపించకపోవచ్చు, లేదా కనిపించి తప్పు ఎమ్యులేటర్‌తో తెరుచుకోవచ్చు.

ఫైలును పరీక్షించడం

నేను ఎక్కువ సమయం కేటాయించమని చెప్పేది ఇక్కడే, ఎందుకంటే లోపం దొరికే అవకాశం కూడా ఇక్కడే ఎక్కువ.

మొదట ఫైలు పరిమాణం చూడండి. గేమ్‌బాయ్ రోమ్ (కార్ట్రిడ్జ్‌లోని గేమ్ నకలు ఫైలు) కనీసం 32 కిలోబైట్లు ఉంటుంది. అక్కడి నుంచి రెట్టింపవుతూ 64, 128, 256 అని పెరుగుతూ పోతుంది. గేమ్‌బాయ్ అడ్వాన్స్ రోమ్ సాధారణంగా 32 మెగాబైట్లు మించదు. నింటెండో డీఎస్ కార్డుల్లో పెద్దవి 512 మెగాబైట్లు. పీఎస్‌పీ వాడిన యూఎండీ డిస్కు 1.8 గిగాబైట్ల దాకా పడుతుంది. గేమ్‌బాయ్ గేమ్ అనుకున్న ఫైలు 9 కిలోబైట్లే ఉంటే అది గేమ్ కాదు. డౌన్‌లోడ్ మధ్యలో ఆగిపోయి ఉండాలి, లేదా గేమ్‌కు బదులు ఏదో వెబ్ పేజీ సేవ్ అయి ఉండాలి. అయితే డీఎస్, అడ్వాన్స్ ఫైళ్లలో చివరనున్న ఖాళీ భాగాన్ని కత్తిరించి దాచుకునే అలవాటు కొందరికి ఉంది కనుక, ఆ ఫైళ్ల పరిమాణం వింతగా కనిపించినంత మాత్రాన తప్పు పట్టనక్కరలేదు.

తరువాత ఎక్స్‌టెన్షన్. ఫైలు పేరు చివర జీబీ, జీబీసీ, జీబీఏ, ఎన్‌డీఎస్, ఐఎస్ఓ, సీఎస్ఓ వంటివి ఉండాలి. జిప్ లేదా సెవెన్‌జిప్ ఉంటే అది మూట మాత్రమే. గేమ్‌బాయ్ అడ్వాన్స్ గేమ్‌లను నడిపే ఎంజీబీఏ వంటి కొన్ని ఎమ్యులేటర్లు మూట విప్పకుండానే లోపలి గేమ్‌ను తెరుస్తాయి, కొన్ని తెరవవు. అనుమానం ఉన్నంతవరకు మూట విప్పి లోపలి ఫైలును విడిగా తెరవడం మంచిది. జిప్ అన్న అక్షరాలు చెరిపి ఐఎస్ఓ అని రాసినందువల్ల లోపలి డేటా ఏమీ మారదు. ఈ పొరపాటు వల్ల తెరుచుకోని పీఎస్‌పీ గేమ్‌లు చాలానే చూశాను.

పరిమాణం, పేరు రెండూ సరిగా ఉన్నా లోపలి డేటా చెడిపోయి ఉండవచ్చు. అసలు గేమ్‌బాయ్ యంత్రం ఈ విషయంలో కచ్చితంగా ఉండేది. కార్ట్రిడ్జ్‌లోని 260వ చిరునామా నుంచి 307వ చిరునామా వరకు ఉండే 48 బైట్ల కంపెనీ చిహ్నాన్ని తనలోని ప్రతితో పోల్చి చూసి, ఒక్క బైటు తేడా ఉన్నా అక్కడే ఆగిపోయేది. 333వ చిరునామాలోని చెక్‌సమ్‌ను (డేటా మారిందో లేదో తేల్చే సంఖ్య) కూడా అలాగే సరిచూసేది. అందువల్ల అసలు బూట్ ప్రోగ్రామ్‌ను వాడుతున్న ఎమ్యులేటర్‌లో చిహ్నం ముక్కలుగానో నల్లటి గడిలానో కనిపించి ఆగిందంటే ఫైలు మొదటి భాగమే చెడిపోయిందని గ్రహించవచ్చు. బూట్ ప్రోగ్రామ్‌ను దాటవేసే ఎమ్యులేటర్‌లో అదే ఫైలు కొంతదూరం నడిచి వేరే చోట కూలవచ్చు.

హెడర్ అనే ఆ మొదటి భాగం బాగుండి మధ్య భాగం చెడిపోతే ఈ తనిఖీలు దాన్ని పట్టుకోలేవు. దానికి హ్యాష్, అంటే ఫైలు డేటా మొత్తం నుంచి లెక్కగట్టే గుర్తింపు విలువ, ఒక్కటే మార్గం. సీఆర్‌సీ32, ఎస్‌హెచ్ఏ-1 అనే రకాల్లో ఏదో ఒకటి లెక్కించి, కార్ట్రిడ్జ్‌లకైతే నో-ఇంట్రో, డిస్కులకైతే రీడంప్ ప్రాజెక్టులు నమోదు చేసిన విలువలతో పోల్చాలి. ఫైలులో ఒక్క బిట్టు మారినా ఈ విలువ మారిపోతుంది కనుక, విలువలు కలిస్తే ఫైలును నిర్దోషిగా వదిలేసి ముందుకు వెళ్లవచ్చు. కంప్యూటర్‌లో ఉన్న ప్రతికీ మెమరీ కార్డులోకి కాపీ చేసిన ప్రతికీ హ్యాష్ వేరుగా వస్తే దోషం కార్డుది. ఒకసారి నా దగ్గర ఒక గేమ్ కంప్యూటర్‌లో చక్కగా నడిచి చేతి పరికరంలో మాత్రం మొదటి దృశ్యం దగ్గరే ఆగిపోయేది. రెండు సాయంత్రాలు సెట్టింగులు మార్చి విసిగాక హ్యాష్ చూస్తే రెండు ప్రతులూ ఒకటి కావని తెలిసింది. ఆ కార్డు తన మీద రాసి ఉన్నంత సామర్థ్యం లేని నకిలీది. ఇలాంటి కార్డులను హెచ్2టెస్ట్‌డబ్ల్యూ, ఎఫ్3 అనే ఉచిత పనిముట్లు పట్టిస్తాయి.

సొంత కార్ట్రిడ్జ్ నుంచి తామే నకలు తీసుకునేవారు ఒకే కార్ట్రిడ్జ్‌ను రెండుసార్లు చదివి రెండు ఫైళ్ల హ్యాష్‌నూ పోల్చాలి. అవి కలవకపోతే కార్ట్రిడ్జ్ కాంటాక్టులు సరిగా ఆనడం లేదన్నమాట. ఐసోప్రొపైల్ ఆల్కహాల్‌లో ముంచిన దూదిపుల్లతో వాటిని తుడిచి, పూర్తిగా ఆరాక మళ్లీ చదవాలి. చట్టం దేశాన్ని బట్టి మారుతుంది కానీ, ఎవరో పెట్టిన ఫైలు కంటే మన చేతిలోని కార్ట్రిడ్జ్ నుంచి తీసిన నకలు సాంకేతికంగా కూడా నమ్మదగినది, ఎందుకంటే అది ఏ ఎడిషన్‌దో, మధ్యలో ఎవరైనా మార్చారో మనకు తెలుసు.

ప్యాచ్ వేసిన గేమ్‌ల సంగతి వేరు. ఐపీఎస్ రకం ప్యాచ్ తాను ఏ ఫైలు మీద కూర్చుంటున్నదో చూసుకోదు. గేమ్ మొదటి ఎడిషన్ కోసం తయారైన ప్యాచ్‌ను సవరించిన ఎడిషన్ మీద వేసినా మారుమాట లేకుండా వేసి, పనికిరాని ఫైలును చేతికిస్తుంది. యూపీఎస్, బీపీఎస్ రకాలు మూల ఫైలు సీఆర్‌సీ32ను సరిచూస్తాయి కనుక తప్పు ఫైలైతే ముందే చెబుతాయి. ప్యాచ్ వేయని మూల ప్రతి తెరుచుకుని, వేసిన ప్రతి తెరుచుకోకపోతే మూల ఫైలు ఎడిషన్‌ను ప్యాచ్ రచయిత చెప్పినదానితో పోల్చి చూడండి.

బయాస్ సంగతి

బయాస్ ఎవరికి కావాలి, ఎవరికి అక్కరలేదు అన్న దాని మీద గందరగోళం ఎక్కువ. పీపీఎస్ఎస్‌పీపీకి బయాస్ అవసరమే లేదు. పీఎస్‌పీ వ్యవస్థ చేసే పనులను అది తానే చేస్తుంది. దానికి బయాస్ డౌన్‌లోడ్ చేసుకోమని ఎవరైనా చెబితే ఆ ఫైలును ముట్టుకోకండి. ఎంజీబీఏలో కూడా బదులు బయాస్ ఉంది కనుక అసలుది ఐచ్ఛికమే. వాడదలిస్తే అది సరిగ్గా 16,384 బైట్లు ఉండాలి. డీఎస్‌కు మూడు ఫైళ్లుంటాయి: ఏఆర్ఎం9 బయాస్ 4 కిలోబైట్లు, ఏఆర్ఎం7 బయాస్ 16 కిలోబైట్లు, ఫర్మ్‌వేర్ చాలావరకు 256 కిలోబైట్లు. డీఎస్ ఎమ్యులేటరైన మెలన్‌డీఎస్ పాత వెర్షన్లు ఈ మూడూ లేకుండా కదిలేవి కావు. కొత్తవి సాధారణ డీఎస్ గేమ్‌లను సొంత బయాస్‌తోనే తెరుస్తాయి. డీఎస్ తరువాతి మోడలైన డీఎస్ఐకి మాత్రమే పరిమితమైన గేమ్‌లకు డీఎస్ఐ మోడ్, దానికి వేరే బయాస్, ఫర్మ్‌వేర్, నాండ్ (దాని లోపలి నిల్వ మెమరీ) నకలు కావాలి.

ఫైలు ఉన్నా ఎమ్యులేటర్‌కు దొరకకపోవడం సాధారణం. రెట్రోఆర్క్ వీటిని సిస్టమ్ ఫోల్డర్‌లో, నిర్ణీతమైన పేరుతోనే వెతుకుతుంది. లినక్స్ ఫైలు వ్యవస్థల్లో పెద్ద అక్షరం, చిన్న అక్షరం వేర్వేరు పేర్లుగా లెక్క. కోర్ ఇన్ఫర్మేషన్ పేజీ తెరిస్తే ఏ ఫైలు దొరికిందో, ఏది లేదో అక్కడే రాసి ఉంటుంది.

తెర నల్లగా ఉండిపోతే

చెవి పెట్టి వినండి. శబ్దం వస్తోందంటే గేమ్ నడుస్తోంది, బొమ్మ మాత్రమే తెర మీదికి రావడం లేదు. పీపీఎస్ఎస్‌పీపీలో బొమ్మ గీసే పద్ధతిని వల్కన్ నుంచి ఓపెన్‌జీఎల్‌కో, అటు నుంచి ఇటో మార్చి, యాప్‌ను మూసి తెరవాలి. షేడర్లు, రిజల్యూషన్ పెంపు, టెక్స్‌చర్ మార్పిడి వంటివన్నీ తీసివేసి మూల సెట్టింగులతో ప్రయత్నించాలి. శబ్దం కూడా రాకపోతే ఫైలు, బయాస్ పరీక్షలకు వెనక్కి వెళ్లాలి. రెట్రోఆర్క్‌లో అయితే గేమ్‌కు తగిన కోర్‌నే ఎంచారో లేదో కూడా చూడాలి.

కొన్నిసార్లు గేమ్ తానే కారణం చెబుతుంది. గేమ్‌బాయ్ కలర్‌కు మాత్రమే తయారైన గేమ్‌ను, ఎమ్యులేటర్‌లో పాత గేమ్‌బాయ్ మోడల్ ఎంచి ఉండగా తెరిస్తే, ఇది కలర్‌లోనే ఆడాలని రాసిన తెర చాలా గేమ్‌లలో వస్తుంది. అది లోపం కాదు. మోడల్‌ను ఆటోమేటిక్‌కు మారిస్తే సరిపోతుంది. అలాగే పోకెమాన్ ఫైర్‌రెడ్‌లో ఒక మెగాబిట్ సర్క్యూట్ బోర్డు అమర్చలేదన్న సందేశం వస్తే సేవ్ రకం తప్పుగా ఉందని అర్థం. ఒక మెగాబిట్ అంటే 128 కిలోబైట్లు. సేవ్ రకాన్ని 128 కిలోబైట్ల ఫ్లాష్‌గా మారిస్తే ఆ సందేశం పోతుంది.

నిన్నటి దాకా నడిచిన గేమ్ ఈరోజు ఆగితే

ఎమ్యులేటర్ అప్‌డేట్ అయిందేమో చూడండి. సేవ్ స్టేట్ అన్నది ఆ క్షణంలో ఎమ్యులేటర్ లోపలి స్థితి మొత్తానికి తీసిన ముద్ర. వెర్షన్ మారితే ఆ ముద్ర సరిపోకపోవచ్చు. చివరి స్టేట్‌ను తనంతట తానే తెరిచే సెట్టింగు ఆన్‌లో ఉంటే, గేమ్ తెరుచుకుంటూనే కూలిపోతుంది. ఆ సెట్టింగును ఆపి, స్టేట్ ఫైలును వేరే ఫోల్డర్‌లోకి జరిపి ప్రయత్నించండి. తొలగించకండి, పాత వెర్షన్‌తో మళ్లీ అవసరపడవచ్చు. గేమ్ లోపలి నుంచి చేసిన మామూలు సేవ్ మాత్రం అసలు కార్ట్రిడ్జ్ మెమరీకి నకలు కనుక వెర్షన్లు మారినా చాలావరకు పనిచేస్తుంది. అందుకే స్టేట్‌ల మీదే ఆధారపడకుండా గేమ్ లోపల కూడా సేవ్ చేసుకుంటూ ఉండమని గట్టిగా చెబుతాను. చీట్ కోడ్‌లు ఆన్‌లో ఉంటే వాటినీ ఆపి చూడాలి. వేరే ఎడిషన్ కోసం రాసిన కోడ్ గేమ్ మెమరీలో తప్పు చోట రాసి దాన్ని కూల్చగలదు.

ఇన్ని చేసినా కారణం చిక్కకపోతే లాగ్‌ను (ఎమ్యులేటర్ తన పనులను వరుసగా రాసుకునే నమోదు) ఆన్ చేసి గేమ్‌ను మరొకసారి తెరవండి. లాగ్ చివర కనిపించే వరుసలు చాలావరకు పర్యవసానాలు. మొట్టమొదట ఎర్రర్ అని వచ్చిన వరుసే అసలు కారణానికి దగ్గరగా ఉంటుంది. ఎవరినైనా సహాయం అడిగేటప్పుడు ఆ వరుసను ఉన్నదున్నట్టు కాపీ చేసి, దానితోపాటు ఎమ్యులేటర్ వెర్షన్, పరికరం, ఆపరేటింగ్ సిస్టమ్, ఫైలు హ్యాష్, ఇంతవరకు మార్చి చూసిన సెట్టింగులు రాయండి. గేమ్ ఫైలును మాత్రం జతచేయకండి. హ్యాష్ ఉంటే, మీ దగ్గరున్నది సరైన ప్రతేనా కాదా అని అవతలివారు ఆ ఫైలు చూడకుండానే చెప్పగలరు.