వినికిడి ఒకటే, అర్థాలు వేరు – 6వ పాఠం: నిఘంటువు మాట, స్లాంగ్ మాట

పోయిన పాఠంలో 'సన్', 'మెయిల్', 'సోల్' లాంటి, ఒకేలా పలికే ఇంగ్లీషు మాటల జంటలు చూశాం. వాటితో పెద్ద చిక్కు లేదు. స్పెల్లింగ్ తెలిస్తే చాలు, నిఘంటువు తెరవగానే అర్థం దొరుకుతుంది. ఈసారి ఇంకో మెట్టు ఎక్కుదాం. ఒకేలా వినబడే రెండు మాటల్లో ఒకదానికి స్లాంగ్ అర్థం (జనం మామూలు కబుర్లలో వాడే అర్థం) కూడా ఉంటే దాన్ని ఎలా పట్టుకోవాలి?

ముందు మన భాషలోనే చూడండి. "పాట కేక" అంటే ఎవరో అరిచారని అనుకోం. "వాడు నాకు చెయ్యిచ్చాడు" అంటే నమ్మించి వదిలేశాడని అర్థం. అదే "చెయ్యివ్వు, పైకి లాగుతాను" అంటే మామూలు చెయ్యే. ఆ తేడా మనకు పక్క మాటల వల్ల తెలిసింది. ఇంగ్లీషులోనూ అలా పక్క మాటల్ని చూసే అలవాటు చేసుకుందాం.

మొదటి మాట 'డో'. డి-ఓ-ఇ అని రాస్తే ఆడ జింక. డి-ఓ-యు-జి-హెచ్ అని రాస్తే కలిపిన పిండి ముద్ద. పలకడంలో రెంటికీ తేడా లేదు. పిండి ముద్ద అనే మాటని 19వ శతాబ్దం మధ్య నుంచి అమెరికన్లు డబ్బు అనే అర్థంలోనూ వాడుతున్నారు. జింకని వేరు చెయ్యడం తేలిక, ఎందుకంటే దాన్ని లెక్కపెట్టవచ్చు: "ఎ డో", "టూ డోస్". పిండినీ డబ్బునీ ఒకటి, రెండు అని లెక్కపెట్టం కాబట్టి "సమ్ డో", "ఎ లాట్ ఆఫ్ డో" అంటారు.

మరి పిండికీ డబ్బుకీ తేడా? ఈ వాక్యం పైకి చదవండి: "ఐ నీడ్ ద డో." ఎన్-ఇ-ఇ-డి అయితే "ఆ డబ్బు నాకు కావాలి". కె-ఎన్-ఇ-ఎ-డి అయితే "నేను పిండి పిసుకుతాను". మొదటి 'కె' పలకం కాబట్టి వాక్యం మొత్తం ఒకేలా వినబడుతుంది, వ్యాకరణం రెండు రకాలుగానూ సరిపోతుంది. ఇక్కడ తొందరపడి అర్థం తేల్చకండి, తర్వాతి ముక్క దాకా ఆగండి. "టు పే ద రెంట్" అని వస్తే డబ్బు. "ఫర్ టెన్ మినిట్స్, దెన్ ఐ లెట్ ఇట్ రెస్ట్" అని వస్తే పిండి. నాకు ఈ పాఠంలో అన్నిటికన్నా ఇష్టమైన వాక్యం ఇదే. నాలుగైదు సార్లు రెండు అర్థాలూ మనసులో పెట్టుకుని పలికి చూడండి.

జింకల సంగతి వచ్చింది కాబట్టి ఇంకొక్కటి. మగ జింకని 'బక్' అంటారు, స్లాంగ్‌లో అదే డాలర్. 18వ శతాబ్దపు అమెరికాలో జింక తోళ్లతో సరుకులు మార్చుకునేవారు. ఈ అర్థం అక్కడి నుంచే వచ్చిందని సాధారణంగా చెబుతారు.

రెండో మాట 'బెయిల్'. బి-ఎ-ఎల్-ఇ అని రాస్తే పత్తి బేలు. బి-ఎ-ఐ-ఎల్ అని రాస్తే కోర్టు ఇచ్చే జామీను. నేను నేర్చుకునే రోజుల్లో ఒక ఫోన్ మీటింగ్‌లో ఒకాయన "సారీ, ఐ హ్యావ్ టు బెయిల్" అని లైన్ కట్ చేశారు. ఎవరినో విడిపించడానికి వెళ్తున్నారేమోనని టెన్షన్ పడ్డాను. ఆయన చెప్పింది "నేను బయల్దేరాలి" అని మాత్రమే. కోర్టు మాట ఎక్కువగా నామవాచకం: "ఆన్ బెయిల్", "గాట్ బెయిల్". స్లాంగ్ మాట క్రియ. పక్కన 'ఆన్' వచ్చి, ఆ తర్వాత మనిషి వస్తే, అంటే "హి బెయిల్డ్ ఆన్ మి" అంటే, అచ్చంగా మన "చెయ్యిచ్చాడు". మనిషి మధ్యలోకి వచ్చి చివర 'అవుట్' ఉంటే, "షి బెయిల్డ్ మి అవుట్", అప్పుడు ఆదుకుందని. ఒకటి వదిలేయడం, ఒకటి ఆదుకోవడం! అందుకే ఆ చిన్న మాటల్ని వదిలెయ్యకండి.

మూడోది 'బేర్'. బి-ఇ-ఎ-ఆర్ అని రాస్తే ఎలుగుబంటి, లేదా భరించడం. బి-ఎ-ఆర్-ఇ అని రాస్తే ఏ కప్పూ లేని, ఉత్తి అని అర్థం: "బేర్ ఫీట్" అంటే చెప్పుల్లేని కాళ్లు. లండన్ కుర్రకారు నోట మాత్రం ఈ రెండోదానికి 'బోలెడు' అనే అర్థం ఉంది. "దేర్ వర్ బేర్ పీపుల్ దేర్" అంటే అక్కడ బోలెడు జనం. నిఘంటువు పట్టుకుని అనువదిస్తే వాక్యం పరువు పోతుంది. పాదాలు, గోడలు, నేల పక్కన వస్తే మామూలు అర్థం. జనం, డబ్బు, పని పక్కన వస్తే స్లాంగ్ అయ్యే అవకాశం ఎక్కువ. విని అర్థం చేసుకోండి చాలు, ఉద్యోగం దరఖాస్తులోకి మాత్రం రానివ్వకండి.

'ర్యాప్' గురించి రెండు ముక్కలు. డబ్ల్యూతో మొదలైతే చుట్టడం. షూటింగ్ ముగిశాక "ఇట్స్ ఎ ర్యాప్" అనేది ఇదే. ఆర్‌తో మొదలైతే తలుపు మీద టకటకా కొట్టడం, స్లాంగ్‌లో నేరం నింద.

ఇప్పుడు మీ వంతు. కింది వాక్యాలు పైకి చదివి స్పెల్లింగ్, అర్థం, మీకు ఆధారం ఇచ్చిన పక్క మాట, మూడూ రాయండి. జవాబులు 7వ పాఠం మొదట్లో చూద్దాం.

"షి సా త్రీ డోస్ నియర్ ద రివర్."
"హి టుక్ ద ర్యాప్ ఫర్ హిజ్ బ్రదర్."
"ఐ కాంట్ బేర్ ద నాయిస్."
"దే బెయిల్డ్ ఆన్ అజ్ ఎట్ ద లాస్ట్ మినిట్."